ఋతంభరుని మౌనశాసనం

పూర్వం, నదులకు కూడా తమ పేర్లు తామే పెట్టుకునే స్వేచ్ఛ ఉండిన ఒక యుగంలో, వేణుదేశాన్ని ఋతంభరుడనే మహారాజు పాలించేవాడు. సత్యసంధుడు, ఆశ్రితవత్సలుడు, ఆడి తప్పనివాడు అయిన ఆ రాజేంద్రునికి శంఖవతీ నగరం రాజధాని. మణిస్రవానది సముద్రునిలో కలిసే చోట, అర్ధచంద్రాకారంలో వంగిన తీరం మీద ఆ నగరం వెలసింది.

ఆ మహారాజు సింహాసనం ఎక్కిన నాలుగో ఏట దేశాన్ని అనావృష్టి పట్టుకుంది. వరుసగా ఐదేళ్లు తూర్పు కొండలు దాటి ఒక్క మేఘమైనా రాలేదు. నది నడుమ ఇసుక మేటలు వేసింది. పశువులు ఎండిన చెరువుల అడుగు మట్టిని నాకాయి. తల్లులు ఆకులు ఉడికించి బిడ్డలకు పెట్టారు. కాళ్లలో సత్తువ ఉన్నవారు ఇళ్ల తలుపులైనా మూయకుండా వలసపోగా, మిగిలినవారు మాట్లాడితే ఉన్న శక్తి పోతుందన్నట్టు మౌనంగా గోడలకు చేరగిలబడి కూర్చునేవారు. ఆ దుఃస్థితిని చూడలేక ఋతంభరుడు కులగురువైన ఔదుంబర మహర్షి పాదాల మీద పడి, "తపోధనా! నా ప్రజలు నా కళ్ల ముందే ఎండిపోతున్నారు. మార్గం చెప్పండి" అని వేడుకున్నాడు.

మహర్షి కళ్లు మూసుకుని ధ్యానించి, "రాజా! నీలాంజనారణ్య మధ్యంలో పన్నెండు వత్సరాలు ఏకాకివై, మనిషి కంఠం వినక, మనిషికి నీ కంఠం వినిపించక, వరుణదేవుణ్ణి ఆరాధించు. వాన నడుమలోనే రావచ్చు. అయినా వ్రతం నిండేదాకా కదలరాదు. నడుమలో లేచావా, వచ్చిన వాన వెనక్కి పోతుంది" అని ఆదేశించాడు.

రాజు ముద్రాంగుళీయకాన్ని తీసి, అప్పటికి ఇరవై నాలుగేళ్ల వయసున్న పట్టమహిషి సౌదామనీదేవి వేలికి తొడిగి, మంత్రి మతిసారుని ఆమెకు అండగా నిలిపి, కట్టుబట్టలతో అడవికి వెళ్లిపోయాడు.

మూడో ఏట వాన వచ్చింది. రాజు శిలాతలం మీద కూర్చుని ఉండగా తొలి చినుకు ఆయన నుదుటి మీద పడింది. ఆనందం పట్టలేక లేవబోయి, గురువు మాట గుర్తుకు వచ్చి, కన్నీళ్లు వానలో కలిసిపోతుండగా అక్కడే కూర్చుండిపోయాడు. తక్కిన తొమ్మిదేళ్లూ అలాగే గడిచాయి. ఆ అడవిలో శబ్దాలు ఒకదాని తరువాత ఒకటి వచ్చేవి. కొండచిలువ జారితే ఆకులు ఒక విధంగా, ముంగిస నడిస్తే మరో విధంగా పలికేవి. ఒకటి ముగిసేదాకా రెండోది ఆగి ఉన్నట్టే ఆయనకు తోచేది. క్రమంగా ఆ మహారాజు తన బిరుదులను, తన కంఠస్వరాన్ని, కడకు సౌదామని ముఖాన్ని కూడా మరిచిపోయాడు.

పన్నెండో వత్సరం నిండిన ఉదయం ఔదుంబర మహర్షి వచ్చి, "నాయనా! వ్రతం ముగిసింది. ఇంటికి వెళ్లు" అన్నాడు.

ఋతంభరుడు పెదవులు రెండు మూడు సార్లు కదిపి, ఎట్టకేలకు మాట పెగల్చుకుని, "ఇల్లంటే... ఎటువైపు స్వామీ?" అని అడిగాడు. మహర్షి జాలిగా చూసి, పడమటి దిక్కుకు వేలు చూపాడు.

ఏడు రోజులు నడిచి ఋతంభరుడు శంఖవతీ నగరపు తూర్పు ద్వారాన్ని చేరాడు. తాను బయలుదేరిన రోజున ఆ ద్వారం దగ్గర కాపలాకైనా మనిషి లేడు. ఇప్పుడు అక్కడ వడ్లబండ్లు, ఉప్పుబండ్లు, చెరకుబండ్లు ఒకదాని వెనుక ఒకటి కిర్రుమంటూ లోపలికి పోతున్నాయి. వాటి సందుల్లోంచి తట్టలు నెత్తిన పెట్టుకున్న స్త్రీలు, గాడిదలను అదిలించేవారు, పల్లకీ బోయీలు, పావుకోళ్ల బ్రాహ్మణులు వస్తూ పోతూ ఉన్నారు. అడవిలో ఏనుగుల గుంపు బాటకు అడ్డం వస్తే పక్కకు తొలగి, అవి దాటిపోయేదాకా నిలబడడం ఆయనకు అలవాటు. ఇక్కడా అలాగే కోటగోడకు ఆనుకుని నిలబడ్డాడు. సూర్యుడు నడినెత్తికి వచ్చాడు. గుంపు దాటిపోలేదు.

ద్వారపాలకుడొకడు చాలాసేపు చూసి చూసి దగ్గరకు వచ్చాడు. "ఏం స్వామీ, పొద్దుటి నుంచీ ఎండలో నిలబడ్డావు. ఎవరి కోసం?"

"ఈ మంద దాటిపోతే లోపలికి వెళదామని."

వాడు తెల్లబోయి, "మందేమిటి స్వామీ, ఇది ఊరు! ఇది దాటిపోదు. సందు చూసుకుని దూరిపోవడమే" అని చెయ్యి పట్టుకుని లోపలికి లాగాడు.

ఔదుంబర మహర్షి ముందుగానే కబురు పంపి ఉన్నందున సౌదామనీదేవి పరివారంతో ఎదురువచ్చింది. ద్వారం లోపలి వీధిలో ఏనుగులు, గొడుగులు, మంగళహారతులు పట్టిన ముత్తైదువలు బారులు తీరి ఉండగా, ఋతంభరుడు ఆ స్త్రీలందరినీ ఒక్కొక్కరినే చూస్తూ వెళ్లాడు. వీరిలో సౌదామని ఎవరు? గుబురు జుట్టు, సన్నని నడుము గల ఒక యువతి కోసం ఆయన కళ్లు వెతుకుతున్నాయి. చెంపల దగ్గర రెండు మూడు వెంట్రుకలు నెరిసి, నుదుట ఆలోచనల గీతలు పడి, నడుముకు తాళపుచెవుల గుత్తి వేలాడుతున్న ఒక స్త్రీని ఎవరో పెద్ద ముత్తైదువ అనుకుని, ఆయన చేతులు జోడించి నమస్కరించి ముందుకు కదిలాడు.

"నేనే, ప్రభూ" అంది ఆమె నెమ్మదిగా.

అంతటి మహారాజూ ఆ రాజవీధి నడిమధ్య తలవంచుకుని నిలబడ్డాడు. ఆమె మాత్రం ఏమీ జరగనట్టే హారతి ఇచ్చి, ఆయన పాదాలకు నీళ్లు పోసింది.

రాజభవనంలో ప్రతి ఘడియా ఆయనకు కొత్త తికమకగానే గడిచింది. భోజనానికి కూర్చుంటే బంగారు పళ్లెరం చుట్టూ పన్నెండు గిన్నెలు పెట్టారు. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియక ఆయన దగ్గరగా ఉన్న ఒక్క గిన్నెలోని పెసరపప్పే తిని లేచాడు. వసారాల్లో దాసదాసీజనం ఎదురైతే తానే గోడవైపు తొలగి వారికి దారి ఇచ్చాడు. వాళ్లు బెదిరిపోయి తామూ గోడకు అంటుకుపోగా, ఎవరూ కదలక కొంతసేపు అందరూ అలాగే నిలిచిపోయేవారు. జాముకోసారి కొట్టే ప్రహరభేరి మోగితే పిడుగు పడిందనుకుని నేల మీద బోర్లా పడుకున్నాడు. నలుగురు నాలుగు సంగతులు నివేదిస్తుంటే మూడోవాడి ప్రశ్నకు మొదటివాడికి జవాబు చెప్పాడు.

ఐదో రోజున సభ తీరింది. ఇద్దరు సాలెవారు ఒక మగ్గం గురించి తగవు తెచ్చారు. వారు మాట్లాడుతుండగా వెనుక ఎవరో దగ్గారు, పావురాలు రెక్కలు కొట్టాయి, బయట ఏనుగు గొలుసు గలగలలాడింది, లేఖకుని గంటం తాటాకు మీద గీరింది. అన్నిటినీ సమానంగా వింటున్న ఋతంభరుడికి ఏది వినవలసినదో, ఏది విడిచిపెట్టవలసినదో తెలియలేదు. చెమటలు పట్టాయి. తీర్పు కోసం అందరూ తన ముఖం వైపు చూస్తున్నారని గ్రహించి, తొందరపడి, "మగ్గం ఆయనదే" అని వేలు చూపించాడు. ఆ వేలు చూపించింది దగ్గిన మనిషిని. అతను పూలదండలు మోసుకొచ్చిన తోటమాలి.

సభలో ఎక్కడో సన్నని నవ్వు పుట్టి, చప్పున ఆగిపోయింది. సౌదామనీదేవి పక్క ఆసనం నుంచి వంగి, "మహారాజు వారి అభిప్రాయం, మగ్గం తగవు తేలేదాకా మూడోవారి దగ్గర ఉంచాలని" అని సర్దింది. ఆ మాట ఎంతో నేర్పుగా, ఎంతో గౌరవంగా ఉంది. అయినా ఆ గౌరవమే ఋతంభరుడికి ముల్లులా గుచ్చుకుంది.

ఆనాటి అపరాహ్ణం మేడమీద ఆయన ఆమెను అడిగాడు. "దేవీ! ఇంత రొదలో నీవు ఆలోచించడం ఎట్లా?"

"మొదటి రెండేళ్లూ నిశ్శబ్దంలోనే ఆలోచించాను, ప్రభూ. అప్పుడు ఊళ్లో పసిపిల్లల ఏడుపు కూడా వినబడేది కాదు. ఏడ్చే ఓపిక వాళ్లకు లేదు. మూడో ఏట మీ తపస్సు ఫలించి వాన పడింది. పంట వచ్చింది, పంట వెంట బండ్లు వచ్చాయి, బండ్ల వెంట మనుషులు వచ్చారు. ఈ రొద అంతా ఆ వానలో మొలిచినదే."

ఋతంభరుడు ఆ మాటలు విన్నాడు. అర్థం కూడా అయ్యాయి. కానీ అదే సమయంలో కింద వీధిలో ఎవరో గాజులమ్మేవాడు కేక వేయగా, ఆ అర్థం ఆయన చేతిలోంచి చేపలా జారిపోయింది.

మరునాడు పురప్రదక్షిణం. పల్లకీ కంచరివీధిలోకి తిరిగింది. అక్కడ మూడు వందల కొలుములు. ప్రతి కొలిమి దగ్గరా నలుగురేసి బిందెలు, గంగాళాలు, గంటలు సమ్మెటలతో సాగగొడుతున్నారు. మహారాజును చూసిన ఉత్సాహంలో వాళ్లు మరింత గట్టిగా కొట్టారు. ఆ దెబ్బలన్నీ తన పుర్రె లోపలే పడుతున్నట్టు తోచి, ఋతంభరుడు కదులుతున్న పల్లకీలోంచి దూకి, చెవులు మూసుకుని, ఎవరిదో పెరట్లోకి పరుగెత్తి గడ్డివామి వెనుక ముడుచుకుని కూర్చున్నాడు. వీధి అంతా మూగి చూసింది. పరిచారకులు ఆయనకు కంబళి కప్పి భవనానికి తెచ్చారు.

రాగానే మంత్రిని పిలిపించాడు. "మతిసారా! రాసుకో. ఈ క్షణం మొదలు ఈ నగరంలో లోహం మీద లోహం పడరాదు. గంట గాని, భేరి గాని, శంఖం గాని మోగరాదు. అమ్మేవారు అరవరాదు. వీధిలో ఎవరూ గొంతెత్తి మాట్లాడరాదు. మేము మళ్లీ ఆజ్ఞాపించేదాకా ఇదే శాసనం."

వృద్ధమంత్రి గంటం పట్టుకుని, రాయకుండా, "ప్రభువులు మన్నించాలి. దేవిగారితో ఒక్క మాట చెప్పి..." అని నసిగాడు.

"నేను రాజును కానా?" అని గర్జించాడు ఋతంభరుడు. ఆ ప్రశ్నకు జవాబు తనకే తెలియకపోవడం వల్ల ఆ గర్జన అవసరమైనదానికంటే బిగ్గరగా వచ్చింది.

శాసనం అమలైంది. ఒక్క జాములో శంఖవతి మూగబోయింది. కంచరులు సమ్మెటలు మూలన పెట్టారు. భటులు ఆలయఘంటల నాలుకలకు గుడ్డలు చుట్టారు. బండ్ల ఇరుసులకు ఆముదం పూశారు. జనం సైగలు చేసుకుంటూ, గుసగుసలాడుతూ తిరిగారు. మూడు రోజులు ఋతంభరుడు హాయిగా నిద్రపోయాడు, ఆకలిగా తిన్నాడు. పదేపదే గవాక్షం దగ్గర నిలబడి ఆ ప్రశాంతతను చూసి, ఇప్పుడు నా ఊరు నాకు తెలుస్తున్నది అనుకున్నాడు.

నాలుగో ఉదయం చూస్తే కోట మీది పతాకాలు కట్టెలకు అతుక్కుని వేలాడుతున్నాయి. దీపశిఖ వణకడం లేదు. సముద్రం మీది నుంచి దట్టమైన మంచు వచ్చి నగరాన్ని కమ్మి కదలకుండా నిలిచిపోయింది. లోకంలోని పలుకులన్నిటినీ భుజాల మీద మోసి ఒక నోటి నుంచి మరో చెవికి చేర్చే జగత్ప్రాణుడు వాయుదేవుడు, "మోయడానికి ఒక్క మాటైనా లేని చోట నాకేమి పని?" అని, ప్రాణులకు ఊపిరి నిలిచేటంత మాత్రమే మిగిల్చి, ఆ నగరాన్ని విడిచిపోయాడు. ఆ సంగతి మానవులెవరికీ తెలియదు.

ఆ ఉదయమే ఒక ముసలామె భటులను తోసుకుంటూ సభామండపంలోకి వచ్చి రాజు ముఖానికి బాగా దగ్గరగా నిలబడింది. కాలిన మచ్చలున్న చేతులు, ముడివేసిన తెల్లజుట్టు. కంచరి గౌరసాని అని ఆమెను నగరమంతా ఎరుగుదురు. రేవులోని పెద్దగంటను పోతపోసింది ఆమె భర్త. ఆయన పోయాక ఆ గంట మోగించే పని ఆమెది.

"మారాజా!" అంది ఆమె, గొంతు తగ్గించకుండా. "నా ఇద్దరు కొడుకులూ సముద్రం మీద ఉన్నారు. శాసనం రాకముందు పోయినవి పద్దెనిమిది నావలు. ఈ మంచులో కళ్లు పనిచెయ్యవు. గంట వింటూనే వాళ్లు నదిముఖంలోకి వస్తారు. వినబడకపోతే రాళ్ల మీదికి పోతారు. నీ భటులు గంటకు గుడ్డ చుట్టి కాపలా కూర్చున్నారు."

ఋతంభరుడు నిర్ఘాంతపోయి, "రేవుగంటను ఆపమని నేను అనలేదే..." అన్నాడు.

"గంటలన్నీ అన్నావట. మా గంట గంట కాదా నాయనా?"

రాజు సౌదామని వైపు తిరిగాడు. "దేవీ! నీకు తెలుసు కదా ఈ సంగతి. నాకెందుకు చెప్పలేదు?"

ఆమె కళ్లు నేలకు దించి, "తెలుసు ప్రభూ. మంచు పడే ఋతువు ఇంకా నెలరోజులు ఉంది కదా, ఆలోగా మీ మనసు కుదుటపడుతుందనుకున్నాను. సభలో ఒకసారి మిమ్మల్ని దిద్దాను. రెండోసారి దిద్దితే మళ్లీ అడవికి వెళ్లిపోతారని భయపడ్డాను. నా తప్పే" అంది.

మౌనశాసనాన్ని ఆ క్షణమే రద్దు చేసి, ముగ్గురూ రేవుకు పరుగులాంటి నడకతో వెళ్లారు. గౌరసాని గుడ్డలు లాగి పారేసి, మోకు పట్టి, బలమంతా పెట్టి గంట కొట్టింది. చప్పుడు రాలేదు. గంట ఊగుతున్నది, నాలుక తాకుతున్నది, అరచెయ్యి ఆనిస్తే కంపనం తెలుస్తున్నది. ధ్వని మాత్రం మూరెడు దూరంలో చచ్చిపోతున్నది. పదడుగుల అవతల నిలిచిన భటుడు ఏదో అరుస్తున్నాడు. పెదవులే కదులుతున్నాయి. వాడి ముఖానికి ముఖం చేర్చితే తప్ప ఒక్క అక్షరం వినబడలేదు.

అప్పుడు ఋతంభరుడికి తాను చేసిన అపరాధం ఎవరి పట్ల జరిగిందో స్ఫురించింది. కిరీటం తీసి ఇసుకలో పెట్టి, సౌదామని చెవి దగ్గర, "వాయుదేవుడు మనలను విడిచిపెట్టాడు. నేను నీలాంజనానికి వెళ్తాను. తపస్సు చేసి ఆయనను ప్రసన్నం చేసుకుంటాను. తపస్సు ఒక్కటే నాకు తెలిసిన పని" అన్నాడు.

"అడవికి ఏడు రోజుల దారి. నావల్లో మంచినీళ్లు మహా అయితే మరో రెండు రోజులకు వస్తాయి ప్రభూ!" అంది ఆమె.

"అయితే ఏం చేయను? నాకు ఏమీ తోచడం లేదు, దేవీ. నిజంగా తోచడం లేదు."

గౌరసాని ఆయన భుజం పట్టుకుని తన వైపు తిప్పుకుంది. "నువ్వు మూయించిన నోళ్లు అడవిలో లేవయ్యా. ఇక్కడున్నాయి. వాళ్ల దగ్గరకు పో. ఏం చెప్పుకోవాలనుకుని చెప్పుకోలేకపోయారో అడుగు. దేవుడికి కోపం పోతుందో లేదో నాకు తెలియదు. ఎక్కడో ఒక చోట మొదలుపెట్టు."

ఋతంభరుడు ఆమె వైపు వంగి, "నీతోనే మొదలుపెడతాను తల్లీ. చెప్పు" అన్నాడు. ఆమె తన కొడుకుల పేర్లు చెప్పింది. పెద్దవాడు ఎరకయ్య, చిన్నవాడు సింగన. చిన్నవాడికి మంచు పడదనీ, ఛాతీ పట్టేస్తుందనీ, పోయేటప్పుడు దుప్పటి మరిచిపోయాడనీ చెప్పింది. అంతకుమించి చెప్పలేక మళ్లీ మోకు పట్టుకుంది. వినబడని గంటను ఆ రెండు రోజులూ ఆమె ఆపలేదు.

రేవు నుంచి రాజభవనం దాకా ఏడు వీధులు. సార్వభౌముడైన ఋతంభరుడు పాదచారియై, సౌదామనీదేవి వెంట రాగా, ప్రతి గడపా ఎక్కాడు. దూరం నుంచి వినబడే వీలు లేదు కనుక ప్రతివారి దగ్గరా చెవి ఒగ్గి నిలబడవలసి వచ్చింది. "నేను ఋతంభరుణ్ణి. మీ మాట ఆపినవాణ్ణి. ఇప్పుడు వినడానికి వచ్చాను" అని మొదలుపెట్టేవాడు.

పాలమ్మే మల్లసాని, కేక వేయలేక కుండల నిండా పాలు విరిగిపోయాయని చెప్పింది. ఒక గుడ్డి వైద్యుడు, కంచరివీధి సమ్మెటలు కుడిచెవికి వినబడితే తన ఇంటి మలుపు తెలిసేదనీ, ఆ చప్పుడు లేక నాలుగు రోజులుగా గడప దాటలేదనీ, మూడు ఇళ్ల అవతల జ్వరంతో ఉన్న బాలింత దగ్గరకు పోలేకపోయాననీ కన్నీరు పెట్టుకున్నాడు. శంఖం ఊదకుండా తండ్రిని కాటికి సాగనంపిన ఒకడు తలుపు తీసి, రాజును ఎగాదిగా చూసి, ఏమీ చెప్పకుండా తలుపు వేసేశాడు. పక్కపక్క ఇళ్లలో ఉండే ఇద్దరు ముసలివాళ్లు, రోజూ పోట్లాడుకుంటే తప్ప తమకు అన్నం సహించదనీ, గుసగుసలతో పోట్లాట కుదరడం లేదనీ ఫిర్యాదు చేశారు. ఒక తల్లి, జోల పాడవచ్చునో లేదో తెలియక బిడ్డ నోటికి చెయ్యి అడ్డం పెట్టి ఉంచానని చెప్పినప్పుడు, ఋతంభరుడు ఆ గడప మీదే కూలబడ్డాడు.

ఆయనకు అన్నీ కలగాపులగమయ్యాయి. మల్లసాని సంగతి వైద్యునికి ఆపాదించాడు. ఒకరి పేరు మరొకరికి పెట్టి పిలిచాడు. "క్షమించు, మళ్లీ చెప్పు" అని ఒక్కొక్కరిని రెండేసి సార్లు, మూడేసి సార్లు అడిగాడు. కొందరు విసుక్కున్నారు. కొందరు నవ్వారు. సభలో నవ్వు విన్నప్పటి ముల్లు ఈసారి గుచ్చుకోలేదు. ఎందుకో ఆలోచించే తీరిక ఆయనకు లేదు, ఎదుట మరో గడప ఉంది.

గుడ్డి వైద్యుణ్ణి బాలింత ఇంటికి ఆయనే చెయ్యి పట్టి నడిపించాడు. దారిలో రెండుసార్లు దారి తప్పాడు. గుడ్డివాడే గోడలు తడిమి సరిచేశాడు.

రెండో రోజు సూర్యుడు పడమట వాలుతుండగా ఏడు వీధులూ ముగిశాయి. మంచు అంగుళమైనా కదలలేదు. ఋతంభరుడు బొంగురుపోయిన గొంతుతో, వాచిన పాదాలతో రేవుకు తిరిగివచ్చాడు. సౌదామని గంట దగ్గరకు వెళ్లి గౌరసానితో పాటు మోకు పట్టింది. ఇసుకలో బోర్లించిన పడవ దగ్గర, చిరుగుల తెరచాపను ఒళ్లో వేసుకుని ఒక ముదుసలి కూర్చుని ఉన్నాడు. ఈయన ఒక్కడు మిగిలిపోయాడు అనుకుని రాజు అతని పక్కన చతికిలబడి, "తాతా! ఋతంభరుణ్ణి. నీ మాట ఆపినవాణ్ణి. చెప్పుకో" అన్నాడు.

"నాకు సొంత మాటంటూ లేదు నాయనా. ఇతరుల మాటలు మోయడమే నా బ్రతుకు" అన్నాడు ముదుసలి. ఆ కంఠం పక్కన కూర్చున్నవాడికే కాక, దూరంగా గంట దగ్గర ఉన్న సౌదామనికి, గౌరసానికి కూడా స్పష్టంగా వినిపించింది. వారు ఉలిక్కిపడి చూసేసరికి చిరుగుల తెరచాప నిండుగా ఉబ్బింది. ముదుసలి ఉన్న చోట ధూమ్రవర్ణదేహుడు, మృగవాహనుడు, సర్వభూతప్రాణుడు అయిన వాయుదేవుడు ప్రత్యక్షమయ్యాడు.

రాజు సాష్టాంగపడ్డాడు. వాయుదేవుడు గంభీరస్వరంతో ఇలా అన్నాడు. "ఋతంభరా! పన్నెండేళ్లు నీవు వరుణుణ్ణి కొలిచావు. ఆ వరుణుడిచ్చిన మేఘాలను తూర్పు కొండలు దాటించి నీ నగరం మీదికి మోసుకొచ్చినది నేను. ఆ వానకు బ్రతికిన ప్రాణుల కేకలు, నవ్వులు, సమ్మెటదెబ్బలు మోస్తూ తిరిగినది నేను. నీవు కోరిన ఫలం నీ ముంగిట నిలిచి పలకరిస్తే, దాని నోరు మూయించావు."

"అపరాధిని, ప్రభంజనా! ఆ నావల్లో ఉన్నవారిది ఏ తప్పూ లేదు. శిక్ష నాకు విధించండి."

"రెండు రోజులుగా నీవు గడప గడపకూ వంగడం చూశాను. ఆ మాటలను మోయడానికి నేను అక్కడ లేకపోతే నీవే మోశావు. సగం తప్పుగా మోశావనుకో." దేవుని పెదవుల మీద చిరునవ్వు కదిలింది. "నావలను తెచ్చే పని నాది. దానిని వరంగా అడగనక్కరలేదు. నీకోసం కోరుకో. అడవిలోని ప్రశాంతత తిరిగి కావాలా? ఇస్తాను. ఈ జనసముద్రంలో నీకు కలిగే తికమక సమూలంగా పోవాలా? అదీ ఇస్తాను."

అడవి పేరు వినగానే ఋతంభరుడి గుండె లాగింది. తికమక పోవాలన్న మాట వినగానే నోరూరినట్టయింది. రెంటిలో ఏది అడిగినా తప్పేనేమో అనిపించింది, ఒప్పేనేమో అని కూడా అనిపించింది. సౌదామని వైపు చూశాడు. ఆమె చేతులు గంటమోకును గట్టిగా పట్టుకుని ఉన్నాయి.

చివరకు ఆయన మెల్లగా అన్నాడు. "దేవా! ఈ ఊరు నాకు ఎప్పటికి అర్థమవుతుందో తెలియదు. ఆ తికమక ఉంటే ఉండనీయండి, దానితో వేగుతాను. కానీ తికమకలో ఉన్నప్పుడు నా నోటి నుంచి ఆజ్ఞ వెలువడకుండా కాపాడండి. ఆ ఆజ్ఞ ఎవరి నెత్తిన పడబోతుందో వారి మాట నా చెవిన పడేదాకా నా నాలుక కదలకుండా చూడండి. ఇదే నా కోరిక."

"తథాస్తు" అన్నాడు వాయుదేవుడు. "నీకే కాదు, ఈ సింహాసనం మీద నీ తరువాత కూర్చునేవారికి కూడా ఏడు తరాల దాకా ఈ వరం వర్తిస్తుంది." ఆ పలుకుతోనే ఆయన అంతర్ధానమయ్యాడు.

మరుక్షణం సముద్రం మీది నుంచి చల్లని గాలి ఒక్కసారిగా లేచింది. మంచు చీలికలు చీలికలుగా తెగిపోయింది. గౌరసాని మోకు లాగింది. రెండు రోజులుగా గంటలో అణగి ఉన్న ధ్వనంతా ఒక్కటై వెలువడినట్టు, ఆ నాదం నదిముఖం దాటి, రాళ్లు దాటి, సముద్రం మీదికి దూసుకుపోయింది. నగరంలో ప్రతి ఇంటి నుంచీ జనం రేవుకు పరుగెత్తుకొచ్చారు. కాసేపటికి మంచు అంచున ఒక తెరచాప కనిపించింది. తరువాత రెండు, తరువాత ఐదు. పదిహేడు నావలు చేరాయి. పద్దెనిమిదోది రాలేదు. గౌరసాని గంట ఆపకుండానే, మెడ సాచి చూస్తూ, "సింగా! ఎరకా!" అని అరుస్తున్నది. అందరి కేకలూ క్షణకాలం తగ్గాయి. అంతలో నదిముఖపు మలుపులో, విరిగిన కొయ్యతో, ఒరిగిన తెరచాపతో చివరి నావ తొంగిచూసింది. దాని మీద ఒకడు మరొకణ్ణి వీపున ఆనించుకుని చెయ్యి ఊపుతున్నాడు. చిన్నవాడు దగ్గుతున్నాడు. దగ్గుతూనే నవ్వుతున్నాడు.

ఇక ఆ తీరం మీద లేచిన గోల వర్ణించనలవి కాదు. భేరులు, శంఖాలు, ఏడుపులు, తిట్లు, పాటలు అన్నీ ఒక్కటిగా కలిసిపోయాయి. దాని నడుమ ఋతంభరుడు చెవులు మూసుకోకుండా నిలబడ్డాడు. తల తిరుగుతున్నది. ఒక్క మాట కూడా విడివిడిగా తెలియడం లేదు. పక్కన సౌదామని ఏదో అంటున్నది. ఆయన ఆమె వైపు వంగి, "మళ్లీ చెప్పు దేవీ, వినబడలేదు" అన్నాడు. ఆమె మళ్లీ చెప్పింది. అప్పుడు కూడా వినబడకపోతే మూడోసారి చెప్పింది. పన్నెండేళ్ల తరువాత ఆమె తొలిసారిగా నవ్వుతూ చెప్పిన ఆ మాట ఏమిటో ఈ కథ చెప్పిన పెద్దలెవరూ బయటపెట్టలేదు.

ఆ తరువాత ఋతంభర మహారాజు ముప్పై ఏళ్లు సౌదామనీసమేతుడై శంఖవతిని పాలించాడు. ఆయన తీర్పులు ఆలస్యమయ్యేవని కొందరు సణిగేవారు గాని, అన్యాయమయ్యాయని అన్నవారు లేరు. నెలకు మూడు వానలు కురిశాయి, నదులు నిండుగా పారాయి, పంటలు పండాయి, పైరగాలి ఏ వేళా ఆ నగరాన్ని విడువలేదు. కంచరివీధిలోకి వెళ్లినప్పుడల్లా ఆయన ముఖం పాలిపోయేది. అయినా వెళ్లడం మానలేదు.

చాలాకాలం దూరాన ఉండి ఇల్లు చేరి, ఇల్లే కొత్తగా తోచి మనసు చెదిరినవారు ఈ వృత్తాంతాన్ని శ్రద్ధగా విందురు గాక. వారికి తమవారి మాట మెల్లమెల్లగా వినబడును గాక. నీటి మీద ఉన్నవారు క్షేమంగా ఒడ్డు చేరుదురు గాక.